పూడ్చిన చిల్లులు

నా జీవితంలో చేసిన తప్పుల్లో చాలావాటికి ఎవరో ఒకరి మీద నెపం పెట్టగలిగాను. ఒక్కదానికి మాత్రం ఎవరూ దొరకలేదు. ఆ తప్పు గురించే ఇప్పుడు చెప్పబోతున్నాను. అలాగని ఇది నా గొడవ అనుకునేరు. ఇది మా అత్తగారి సంగతి.

నేను పాత రాతప్రతులు బాగుచేసేవాణ్ణి. పెద్ద గ్రంథాలయంలో మూడో అంతస్తు, ఉత్తరం వైపు కిటికీలున్న గది నాది. ముప్ఫై ఏళ్ళుగా అదే బల్ల, అదే స్టూలు, అదే జిగురు గిన్నె. పురుగు తిన్న కాగితం, తడిసి అట్టకట్టిన కాగితం, ముట్టుకుంటే రాలిపోయే కాగితం, ఏది వచ్చినా నయం చేసి పంపేవాణ్ణి. నేను పూడ్చిన చిల్లు ఎక్కడుందో నేను చెబితే తప్ప ఎవరికీ తెలియదని మా శాఖలో పేరు. ఆ మాట ఎవరైనా అంటే లోపల మురిసిపోతూ, పైకి చిరాకుగా మొహం పెట్టేవాణ్ణి.

మా అత్తగారు నేతగత్తె. రెండేళ్ళ కిందట మా ఇంటికొచ్చేశారు. ఆవిడ ఒక్కరే వస్తారనుకున్నాను. లారీలోంచి మగ్గం కూడా దిగింది. ముందుగదిలో సోఫా ఉన్నచోట మగ్గం కూర్చుంది, సోఫా బాల్కనీలోకి పోయింది, బాల్కనీలో ఉండాల్సిన నా కుర్చీ ఏమైందో ఇవాళ్టికీ తెలీదు. నేను పేపరు తెరిస్తే చాలు, పక్కన టకటకా మొదలు. మా ఆవిడ దగ్గర మొత్తుకున్నాను. తను ఆ చప్పుడు వింటూ పెరిగిందట, నా గురక భరించలేని రోజుల్లో దాన్నే తలుచుకుని నిద్రపోయేదట.

పోయినేడు ఆవిడకి చూపు మసకబారడం మొదలైంది. కంటి డాక్టరు చాలాసేపు చూసి, వెనక పొర అరిగిపోతోందనీ, ఆపరేషన్ పనికిరాదనీ, ఏడాది గడిచేసరికి వెలుతురూ నీడా తప్ప ఏమీ మిగలదనీ చెప్పాడు. ఇంటికొచ్చాక ఆవిడ మగ్గం మీద దుమ్ము తుడుస్తూ కూతురితో అంది.

"కళ్ళు పోయిన రోజున దీన్ని ఎవరికైనా పనికొచ్చేవాళ్ళకి ఇచ్చెయ్యండి. ఎదురుగా పెట్టుకుని చుట్టంలా కూర్చోవడం నావల్ల కాదు."

ఫలానా కూరగాయ తెమ్మన్నంత మామూలుగా అంది ఆ మాట. మా ఆవిడ వంటింట్లోకి వెళ్ళి కుళాయి తిప్పి చాలాసేపు అలాగే నిలబడింది. నాకు సిగ్గేసింది. అప్పటిదాకా ఆ మగ్గం ఎప్పుడు పోతుందా అని గొణిగినవాణ్ణి నేనే కదా.

సరిగ్గా ఆ రోజుల్లోనే నా బల్ల మీదికి "పొద్దు నేత" వచ్చింది. అట్టలాంటి మందపాటి చేతికాగితం, నలభై రెండు ఆకులు. ప్రతి ఆకులోనూ పైన నాలుగైదు పంక్తుల రాత, కింద ముప్పాతిక వంతు ఖాళీ. రాతలో ఒక బట్ట నేసే పద్ధతి ఉంది. మామూలు బట్ట కాదు. "ఇది మగ్గం మీద ఉన్నంతసేపూ మగ్గం దగ్గర పొద్దు కుంగదు. చేయి అలయదు, ఒళ్ళు ముదరదు. కోసిన వెంటనే పొద్దు తన దారిన తాను పోతుంది." ఇలాంటి సంగతులు. చదివిన పండితులు ముసిముసిగా నవ్వుకున్నారు. కింద ఖాళీలు బొమ్మల కోసం వదిలినవనీ, బొమ్మలు గీసేవాడు దొరక్క అలాగే ఉండిపోయాయనీ తేల్చారు. ఆ ఖాళీల నిండా చిల్లులు. మూడు వేల పైచిలుకు.

చిల్లు కనిపిస్తే నా చెయ్యి జిగురు గిన్నె వైపు పోతుంది. అది నా వృత్తి, నా రోగం కూడా. ఏ ప్రతినైనా ఫోటోలు తీశాకే ముట్టుకోవాలని మా గదిలో నియమం ఉంది. ఆ నియమం రాసి గోడకి అంటించింది నేనే. కానీ కెమెరా గది తాళం ఎవరి దగ్గరో ఉంది, ఆ కాగితం నన్ను పిలుస్తోంది, ముప్ఫై ఏళ్ళ అనుభవం ఉన్నవాడికి ఫోటోలేమిటని అనిపించింది. నాలుగు నెలలు కూర్చున్నాను. అలాంటి చేతికాగితాన్నే వేరేగా తెచ్చి, నూరి గుజ్జు చేసి, రంగు కలిపి, ఒక్కొక్క చిల్లులో పట్టకారుతో ఒక్కొక్క చుక్క పెట్టాను. పూర్తయ్యాక వెలుతురుకి ఎత్తి పట్టుకుంటే నాకే ఆచూకీ తెలియలేదు. ఇంతకంటే మంచి పని నేనెప్పుడూ చెయ్యలేదు.

ఒకరోజు అన్నం తింటూ, అత్తగారికి కాస్త కాలక్షేపంగా ఉంటుందని ఆ ప్రతి సంగతి చెప్పాను. పొద్దు కుంగని బట్ట అనగానే ఆవిడ నవ్వుతుందనుకున్నాను. నవ్వలేదు. నిలువు పడుగు ఎన్ని పోగులో, అడ్డం పేక ఎలా వెయ్యాలో అడిగింది. నాకు గుర్తున్నంత చెప్పాను. "ఎక్కడ పోగు ఎత్తాలో, ఎక్కడ వదలాలో కింద ఉంది" అని ప్రతి ఆకులోనూ రాసి ఉందనీ, కింద చూస్తే ఏమీ లేదనీ, ఆ రాసినవాడెవడో మతిమరుపు మనిషనీ అన్నాను.

"ఏమీ లేదా?"

"ఏమీ లేదండీ. చిల్లులే. పురుగు కొట్టేసింది. అన్నీ పూడ్చేశాను."

ఆవిడ చెయ్యి కంచంలో ఆగిపోయింది. "వరుసగా ఉన్నాయా ఆ చిల్లులు?" అని అడిగింది.

లేవని చెప్పబోయాను. నాలుగు నెలలపాటు ఎడమ నుంచి కుడికి, ఎడమ నుంచి కుడికి, దున్నినట్టు కదిలిన నా చెయ్యి గుర్తొచ్చింది. వరుసగానే ఉన్నాయి. పురుగు ఎక్కడైనా వరుస కట్టి తింటుందా? చిల్లు ఉన్నచోట పోగు ఎత్తాలి, లేనిచోట వదలాలి. ఆ పుస్తకం చెప్పవలసిందంతా ఆ చిల్లులే చెప్పాయి. నేను దాని నోరు మూసేశాను, అదీ ఎవరూ కనిపెట్టలేనంత నేర్పుగా.

మర్నాడు మా అధికారిణి గదికి వెళ్ళి జరిగింది జరిగినట్టు ఒప్పుకున్నాను. ఆవిడ నాకంటే పదేళ్ళు చిన్నది, ఓపికలో నాకంటే చాలా పెద్దది. అరవలేదు. పూడ్చినవి మళ్ళీ తెరవగలరా అని అడిగింది. ఎక్కడున్నాయో తెలిస్తే తెరుస్తానన్నాను. ఎక్కడున్నాయో మీకే తెలీదా అంది.

"బాగా పూడ్చాను మేడమ్" అన్నాను. ఆ మాట అంత సిగ్గుతో ఎప్పుడూ అనలేదు.

భూతద్దం పెట్టాం, కింద దీపం పెట్టాం, పక్క నుంచి దీపం వేశాం. నా పనితనం చెక్కు చెదరలేదు. నాలుగో రోజు అనుమతి తీసుకుని మా అత్తగారిని వెంటబెట్టుకొచ్చాను. ఆవిడ చేతులు కడుక్కుని, తుడుచుకుని, నా స్టూలు మీద కూర్చుంది. మొదటి ఆకు ముందు పెట్టాను. కళ్ళు మూసుకుని ఎడమచేతి నడిమి వేలు కొసని కాగితం మీద నెమ్మదిగా నడిపింది.

"ఇక్కడ" అంది.

భూతద్దంలో ఏమీ కనబడలేదు. నమ్మకం లేకపోయినా సన్నటి కుంచెతో తడి తగిలించాను. కాసేపటికి ఆవగింజంత గుజ్జు ఉబ్బి, ఊడి వచ్చింది. కింద గుండ్రటి చిల్లు. అంచు నున్నగా ఉంది, సూదితో పొడిచినట్టు. ఆ అంచు మొదటిరోజే నేను చూసి ఉండాల్సింది. చిల్లుని చూశానే తప్ప అంచుని చూడలేదు.

"ఇక్కడ. దీని పక్కనొకటి. ఇక్కడ. ఇది కాదు, ఇది పురుగే."

"ఎలా తెలిసిందండీ?"

"ఇది ఎక్కడికో పోతోంది. మిగతావి ఉన్నచోట ఉన్నాయి."

అరవై ఏళ్ళపాటు తెగిన పోగుల్ని వెతుక్కున్న వేలు అది. నేను ముప్ఫై ఏళ్ళు నేర్చిన విద్యని ఆ వేలు అవలీలగా దాటుకుంటూ పోయింది. నాకు కోపం రావాలి, రాలేదు. పక్క గదుల వాళ్ళు ఒక్కొక్కరే వచ్చి గోడవారగా నిలబడి చూసి వెళ్ళిపోయేవారు. పదకొండు రోజుల్లో నలభై రెండు ఆకులూ తెరుచుకున్నాయి. పురుగు చేసిన చిల్లులు పందొమ్మిది. వాటిని మాత్రం మళ్ళీ పూడ్చుకోనిచ్చారు నన్ను.

ప్రతిని ఇంటికి తీసుకెళ్ళకూడదు. అందుకని మందపాటి అట్టల మీద, అదే కొలతకి, అవే చోట్ల చిల్లులు పొడిచి నకలు తయారుచేశాను. ఈసారి ప్రతిదాన్నీ ఫోటో తీశాను.

పడుగూ పేకా రెండూ తెల్లవే ఉండాలని రాసి ఉంది. నేసేది కూడా బోర్లా నెయ్యాలి. అంటే బట్ట ముఖం కిందికి ఉంటుంది, నేసేవాళ్ళకి వీపు మాత్రమే కనిపిస్తుంది. కోసేదాకా కింది వైపు చూడకూడదు, తడమకూడదు. ఇది వినగానే మా అత్తగారు మొహం చిట్లించింది. వేలు పెట్టొద్దంటే ఎలా అని గొణిగింది. అయినా మాట తప్పలేదు.

నేను ఆఫీసు నుంచి వచ్చేసరికి అయిదు. మా ఆవిడ మందుల షాపులో పని ముగించుకుని వచ్చేది ఆరింటికి. ఆ మధ్య గంటసేపు మాది. నేను అట్ట పట్టుకుని పిలవాలి, ఆవిడ నెయ్యాలి. రెండు వదులు, ఒకటి ఎత్తు, అయిదు వదులు, రెండెత్తు. మొదట్లో నా పిలుపు ఆవిడకి నచ్చలేదు. కోర్టులో తీర్పు చదువుతున్నట్టు చదవొద్దనీ, గిన్నెలో పాలు పోసినట్టు చదవమనీ అంది. రెండు రోజులు పాలు పొయ్యడం నేర్చుకున్నాను.

మూడో రోజున, ఒక వరుస పూర్తిచేసి ఆవిడ చెయ్యి ఆపింది.

"అల్లుడుగారూ, కిటికీలో ఎండ జరగలేదు."

గచ్చు మీద ఎండ పలక నేను కూర్చున్నప్పుడు ఎక్కడుందో అక్కడే ఉంది. పక్కన పెట్టుకున్న టీ ముట్టుకున్నాను. వేడిగానే ఉంది. మగ్గం మీద చూస్తే మూరెడు బట్ట. అంత పని ఒక రోజులో అయినా గొప్పే. గడియారంలో అయిదూ పది. నేను లేచి వంటింట్లోకి వెళ్ళి అక్కడి గడియారం కూడా చూసి వచ్చాను, అది కూడా అదే చెప్పింది. వెనక్కి వచ్చేసరికి ఆవిడ పేక దారాన్ని అటూ ఇటూ నడిపే నాడె చేతిలో పట్టుకుని, ఇంకా చదవరేం అన్నట్టు చూస్తోంది. ఆరింటికి మా ఆవిడ చెప్పులు విప్పుతూ మగ్గం వైపు చూసి, అలాగే ఒంటికాలి మీద నిలబడిపోయింది.

ఆ గంటలు ఎంత పొడుగ్గా ఉండేవో చెప్పడం నావల్ల కాదు. ఆకలి వేసేది కాదు, నడుం లాగేది కాదు. ఆవిడ కంటికి ఖర్చయ్యేది గంటే, చూడ్డానికి దొరికేది రోజంత. ఆ రోజుల్లో నేనావిడ పక్కన కూర్చుని, పదిహేడేళ్ళుగా చూడనిదంతా చూశాను. ఎడమ బొటనవేలి గోరు మీద దారం కోసిన గాడి ఉంది. లెక్కపెట్టేటప్పుడు పెదవులు కదలవు, గొంతు కదులుతుంది. ఒకసారి ఒకే ఒక్క పోగు తప్పిందని అరగజం బట్ట విప్పేసింది. అది ఎవరికీ కనిపించదండీ అన్నాను. మీరు పూడ్చిన చిల్లు కూడా ఎవరికీ కనిపించలేదు కదా అంది. ఆవిడ ముసిముసిగా నవ్వుతూ విప్పుతూనే ఉంది.

నాకావిడ మీద ఎంత గౌరవం కలిగిందంటే, ఆఫీసులో కూర్చుని అయిదు ఎప్పుడవుతుందా అని గడియారం వైపు చూసేవాణ్ణి. మగ్గం పోతే బాగుండునని ఒకప్పుడు అనుకున్న మనిషిని నేనేనా అనిపించేది.

చూపు మాత్రం తరుగుతూనే వచ్చింది. ముప్ఫయ్యో అట్ట దగ్గరికి వచ్చేసరికి ముక్కు పోగులకి తగిలేంతగా వంగేది. ముప్ఫై అయిదు దాటాక వంగడం కూడా మానేసి, వేళ్ళతోనే పోగులు వెతికేది. మా ఆవిడ మొహం మధ్యలో ఒక మచ్చలా ఖాళీ కనిపిస్తోందని ఒకసారి చెప్పింది, అదీ అడిగితేనే.

నలభై రెండో అట్ట అయిపోయింది. ఇక కొయ్యడమే మిగిలింది. నేను కత్తెర ఇవ్వలేదు.

నా లెక్క నాకుంది. కొయ్యకపోతే, మేం మగ్గం ముందు చేరే అయిదు నుంచి ఆరు దాకా రోజూ ఒక పొడుగాటి పగలు. చూపు ఉన్న ఈ నాలుగు రోజులూ ఆవిడకి నెలలవుతాయి. కూర్చుని చూడొచ్చు, కూతుర్ని, కిటికీని, ఏది కావాలంటే అది. మా ఆవిడ సెలవు పెట్టి ఆ గంటకి ఇంట్లో ఉండడం మొదలుపెట్టింది. ఇద్దరం కలిసి బతిమాలాం. ఆవిడ సరేనంది. మూడు రోజులు మగ్గం ముందు ఊరికే కూర్చుంది. కూతురి మొహం పక్క నుంచి, ఆ మచ్చ అడ్డురాకుండా, తల వంచి వంచి చూసింది. తన చేతులు చూసుకుంది. నా ముక్కు పెళ్ళినాటికి ఇంత పెద్దది కాదని చెప్పింది. ఆ మూడు రోజులూ మా ముగ్గురికీ మూడు నెలలంత అనిపించాయి. నాలుగో రోజు చెయ్యి చాపింది.

"కత్తెరివ్వండి."

నేను కదల్లేదు. మా ఆవిడ ఏడుస్తూ, ఇంకొక్క వారం ఆగమ్మా అంది.

"నేను చూడ్డానికి కాదే నేసింది. మగ్గం మీద ఉన్నంతసేపూ అవి దారాలే. కొయ్యకుండా వదిలేస్తే, చివరి బట్ట నెయ్యలేకపోయాననే కదా?"

చివరి బట్ట అన్న మాట అందరి ముందూ అనడం అదే మొదలు. నేను కత్తెర ఇచ్చాను. ఆవిడ పోగులు తడుముకుంటూ, ఒక అంచు నుంచి ఇంకో అంచుకి, తొందరపడకుండా కోసింది. గచ్చు మీద ఎండ పలక ఒక్కసారిగా జరిగింది. టీ మీద మీగడ కట్టింది. ముగ్గురం చూశాం.

బట్టని తిరగేసి కిటికీ దగ్గర పరిచాం. తెల్లగా ఉంది. అంతే. బొమ్మ లేదు, పువ్వు లేదు, గీత లేదు. ఉతికిన దుప్పటిలా ఉంది. ఆవిడ మిగిలిన చూపంతా పెట్టి, మూల నుంచి మూలకి చూసింది. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆ రాసినవాడు ఎన్ని వందల ఏళ్ళ కిందట చచ్చాడో కానీ, ఎదురుగా ఉంటే కడిగేసేవాణ్ణి. ఒక మనిషి చివరి చూపుని ఖర్చుపెట్టించి ఇదా చూపించేది అని పైకే అనేశాను.

అత్తగారు వినిపించుకోలేదు. బట్టని మడవబోతూ అరచెయ్యి ఆనించింది. ఆనించి ఆగింది. రెండో చెయ్యి కూడా ఆనించింది. కళ్ళు మూసుకుంది. పది వేళ్ళూ విడివిడిగా, పై అంచు నుంచి కిందికి, కింది నుంచి పైకి నడిచాయి. మేమిద్దరం ఏమైందని అడిగాం. ఆవిడ నా మణికట్టు పట్టుకుని నా వేలుని బట్ట మీద పెట్టింది. వేలి కింద సన్నటి గింజలు, వరుసలు వరుసలుగా, దగ్గరవుతూ దూరమవుతూ పోతున్నాయి. కంటికి ఆనవు. వేలికి మాత్రం, మెట్లు ఎక్కుతున్నట్టు, నీళ్ళలో చెయ్యి పెట్టినట్టు ఉన్నాయి.

"ఇది చూసేది కాదు" అంది. "ఈ నేత కనిపెట్టినావిడకి కళ్ళు లేవు. అందుకే సిరాతో రాయకుండా పొడిచింది. పైన ఆ నాలుగు ముక్కలూ పక్కన కూర్చున్నవాళ్ళెవరో రాసి ఉంటారు."

నేను రోజూ ముట్టుకున్నాను ఆ ఆకుల్ని. మూడు వేల చోట్ల ముట్టుకున్నాను. ఒక గుడ్డి నేతగత్తె తన తర్వాతివాళ్ళ కోసం సూదితో పొడిచి దాచుకున్న విద్య, నా చేతి కిందే ఉండి నాకు అందలేదు. మా అత్తగారికి అందింది. నా కళ్ళలో నీళ్ళు తిరిగాయి. సరే, తిరగనీ అనుకున్నాను.

మగ్గం ఎవరికీ ఇవ్వలేదు. కొత్త పడుగు ఎక్కించడానికి పది రోజులు పట్టింది. మా ఆవిడా నేనూ పోగులు అందిస్తే ఆవిడ కట్టుకుంటూ పోయింది. అప్పటికి చూపు డాక్టరు చెప్పినట్టే అయింది, కిటికీ ఎటు ఉందో మాత్రం తెలిసేది. మొదలుపెట్టే రోజున నేను అలవాటుగా కుర్చీ లాక్కుని, అట్ట తీసుకుని, గొంతు సవరించుకున్నాను. ఆవిడ నా చేతిలోంచి అట్ట తీసేసుకుని మగ్గం ఎడమ పక్కన ఆనించుకుంది. ఎడమచెయ్యి వేలు అట్ట మీద, కుడిచేతిలో నాడె.

చేతులు కట్టుకుని కూర్చోవడం నాకు చేతకాదు. కుర్చీ వెనక్కి జరుపుకుని, ఆ మొదటి వరుస నాకు కంఠతా వచ్చు కనక, నాలో నేను గొణుక్కోవడం మొదలుపెట్టాను. రెండు వదులు, ఒకటి ఎత్తు, అయిదు వదులు, రెండెత్తు. మగ్గం టకటకా ఆడుతోంది.

"అల్లుడుగారూ" అంది ఆవిడ, తల తిప్పకుండానే. "మీరింకా అక్కడే ఉన్నారు. నేను మూడో వరుసలో ఉన్నాను."